అత్తయ్య దగ్గరున్న అప్పీలు

మా కోర్టులో పిటిషను వేయాలంటే జడ్జిగారి కంటే ముందు మా బావను దాటాలి. మెట్లెక్కి కుడివైపు తిరిగితే వరసగా మూడు కౌంటర్లు ఉంటాయి. మొదటిది స్టాంపులకు, రెండోది వాయిదా తేదీలు చెప్పడానికి, మూడోది మా బావది. ఇనుప చువ్వల కింద పుస్తకం పట్టేంత సందు, సందు వెనక కళ్ళజోడు, కళ్ళజోడు వెనక ఆయన. కాగితాల కట్ట లోపలికి తోయగానే ఆయన మొదటి పేజీ చూసేవాడు కాదు, చివరి సంతకమూ చూసేవాడు కాదు. తలెత్తకుండానే ఒక ప్రశ్న అడిగేవాడు.

“దీని మీద అప్పీలేమైనా నడుస్తోందా?”

లేదంటే సరే. ఉందని ఎవరైనా నిజం చెప్పారా, ఇక వాళ్ళ పని అయిపోయినట్టే. ఎర్ర సిరా పెన్ను మూత తీసి, పిటిషను మార్జిన్లో గుండ్రటి అక్షరాలతో రాసేవాడు: “ఇదే విషయంపై పై కోర్టులో అప్పీలు విచారణలో ఉన్నందున ఈ పిటిషను స్వీకరించదగదని మనవి.” ఆయన ఆ కౌంటర్లో ఉన్న కాలంలో జడ్జీలు పదకొండు మంది మారారు. పదకొండు మందీ ఆ ఎర్ర రాత చూసి, “అక్కడ అప్పీలుందిగా, చెప్పేదేదో అక్కడే చెప్పుకోండి” అని కొట్టేశారు. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. మా దగ్గర దేవుడు కూడా పూజారి రాసిందే చదివేవాడు.

నేను ఆయన బావమరిదిని. ఆయన చలవతోనే అదే కోర్టులో నకళ్ళ విభాగంలో చేరాను. తీర్పులకు నకలు తీసి, అసలుతో సరిచూసి, ముద్ర వేసి ఇవ్వడం నా పని. ఈ కథ కొంత ప్రేమతో, ఎక్కువ కోపంతో చెబుతున్నానని ముందే ఒప్పుకుంటున్నాను. సరిచూసి ముద్ర వేసేవాడికి ఆ మాత్రం నిజాయితీ ఉండాలి.

ఆయన ప్రశ్నలో న్యాయం లేదని అనను. ఆయన ఉద్యోగంలో చేరిన కొత్తలో ఇద్దరు అన్నదమ్ములు ఒక గోడ కోసం కొట్టుకున్నారు. అన్న ఒక కోర్టుకెళ్ళి గోడ కట్టుకోవచ్చని ఉత్తర్వు తెచ్చుకున్నాడు. తమ్ముడు దాని మీద అప్పీలుకెళ్ళి, అది తేలేదాకా ఆగలేక, ఇంకో కోర్టులో ఇంకో పిటిషను వేసి, గోడ కూల్చమని ఉత్తర్వు తెచ్చుకున్నాడు. తమాషా ఏమిటంటే ఇద్దరూ పిలిచింది ఒకే మేస్త్రీని. మేస్త్రీ బుద్ధిమంతుడు, కోర్టంటే గౌరవం ఉన్నవాడు. పొద్దున గోడ కట్టాడు, సాయంత్రం కూల్చాడు, రెండు పూటలా కూలి తీసుకున్నాడు. వారం రోజులు అలా రెండు ఉత్తర్వులనూ తు.చ. తప్పకుండా అమలు జరిపాడు. చివరికి ఆ రెండో పిటిషను ఏ కౌంటర్లో నుంచి వచ్చిందని విచారిస్తే మా బావ తేలాడు. జడ్జిగారు ఆయన్ను గదిలోకి పిలిపించి అరగంట కడిగేశారు. పాతికేళ్ళ కుర్రాడు, కొత్త ఉద్యోగం, కొత్త పెళ్ళాం. ఆ అరగంట ఆయన మిగతా జీవితానికి సరిపోయింది.

లాయర్లు ఆయనకు ‘పెండింగు గారు’ అని పేరు పెట్టారు. వాళ్ళు వెక్కిరింతకు పెట్టారు, ఆయన బిరుదుగా స్వీకరించాడు. మెల్లగా ఆ పద్ధతి కోర్టు గేటు దాటింది. ఒకసారి నేనూ ఆయనా క్షౌరానికి వెళ్ళాం. సగం తల కత్తిరించాక ఆ మంగలికి ఇంటి నుంచి ఏదో కబురొచ్చి వెళ్ళిపోయాడు. పక్క కుర్చీ దగ్గరున్నతను ఖాళీగానే ఉన్నాడు. “రండి సార్, నేను పూర్తి చేస్తా” అన్నాడు పాపం. మా బావ ఒప్పుకోలేదు. “విషయం ఆయన చేతిలో ఉంది. నువ్వు వేలు పెట్టకు” అని సగం తలతో గంటన్నర కూర్చున్నాడు. రోడ్డు మీద పోయేవాళ్ళు అద్దంలోంచి ఆయన్ను తొంగిచూసి పోతున్నారు. సిగ్గంతా నాకే.

ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు పెద్దలు. మా బావ రచ్చలో గెలిచినదాన్ని ఇంటికి మోసుకొచ్చాడు. నా మేనకోడలు చిన్నప్పుడు బడివాళ్ళతో విహారయాత్రకు వెళ్తానని తల్లినడిగింది. “చూద్దాంలే” అంది అక్క. పిల్ల తండ్రి దగ్గరికి పరుగెత్తింది. “అమ్మ ‘చూద్దాం’ అందా? అయితే అది అమ్మ దగ్గర విచారణలో ఉన్నట్టు. నేను ముట్టుకోను” అన్నాడు. పిల్ల మళ్ళీ వంటింట్లోకి వెళ్ళేసరికి అక్క పక్కింటికి వెళ్ళింది. బస్సు వెళ్ళిపోయింది. అప్పటికి పిల్లకు ఎనిమిదేళ్ళు. ఇప్పటికీ ఆ మాట ఎత్తితే మూతి ముడుస్తుంది.

ఇక మా అక్క సంగతి. అక్క లాయర్ల గౌన్లు కుట్టేది. ఒకనాడు బావ కౌంటరు చువ్వకు తగులుకుని ఒక లాయరు గౌను భుజం దగ్గర జానెడు చిరిగింది. ఆయన లబోదిబోమంటుంటే బావ ఇంటికి తెచ్చి అక్క చేతిలో పెట్టాడు. అక్క కుట్టిచ్చాక ఎక్కడ చిరిగిందో ఆ లాయరే కనుక్కోలేకపోయాడు. అప్పటినుంచి మొదలై, పదిహేనేళ్ళకు సగం కోర్టు భుజాల మీద మా అక్క కుట్టిన గౌన్లే ఉండేవి. వీపు మీద కుచ్చిళ్ళు కుట్టడంలో ఉంది అసలు పనితనం. వేలి మందాన మడతలు, ఒకదాని మీద ఒకటి, మెడ పట్టీ కిందికి పోవాలి. ఆ పని మిషను మీద కాదు, చేత్తోనే చేయాలి. నల్ల గుడ్డ మీద నల్ల దారంతో.

ఆమె కుట్టేది మధ్య గదిలో. ముందు గదిలోకి వచ్చిపోయేవాళ్ళుంటారు, వంటగదిలో నూనె మరకలు పడతాయి. ఇక మిగిలింది మధ్య గదే. దానికి అటో తలుపు, ఇటో తలుపు తప్ప కిటికీ లేదు. పట్టపగలు కూడా లైటు వేయాలి. కళ్ళు బాగా పనిచేసే వయసులో ఆమెకు అది తెలియలేదు. నలభై అయిదు దాటాక ఒక ఆదివారం భోజనాలయ్యాక, నా ఎదుటే, బావనడిగింది.

“ఆ వెనక గోడకి ఒక కిటికీ పెట్టిద్దామండీ. దారం ఎక్కడుందో గుడ్డ ఎక్కడుందో కనపడి చావట్లేదు.”

“లైటుందిగా.”

“లైటు కింద నలుపంతా ఒకటే నలుపు. అదే పగటి వెలుతురనుకోండి, దారం కాస్త మెరుస్తుంది. ఆ సంగతి కుట్టేవాళ్ళకి తెలుస్తుంది, మీకేం తెలుసు?”

బావ లేచి వెళ్ళి గోడను వేళ్ళతో కొట్టి చూశాడు. లైటు వేసి చూశాడు, ఆర్పి చూశాడు. కుర్చీలోకి తిరిగొచ్చి గొంతు సవరించుకున్నాడు. ఆయన గొంతు సవరించుకున్నాడంటే తీర్పు సిద్ధమైనట్టే.

“ఇల్లు అమ్మ పేరు మీద ఉంది. గోడ పగలగొట్టడమంటే మాటలు కాదు. పైగా లైటు ఉంది కనక కిటికీ అవసరమని రుజువు కాలేదు. కుదరదు.”

పాతికేళ్ళుగా ఒక సందు వెనక కూర్చుని, ఆ సందు పుణ్యాన జీతం తీసుకున్న మనిషి పెళ్ళానికి కిటికీ అవసరం రుజువు కాలేదంటున్నాడు. నేను నవ్వాను. అక్క నవ్వలేదు.

“అయితే అత్తయ్యనే అడుగుతాను” అంది.

బావ ముఖం వెలిగిపోయింది. కోపం వస్తుందేమో అనుకున్నాను గానీ ఆయన నిజంగా సంతోషించాడు. “భేషుగ్గా అడుగు. అప్పీలు నీ హక్కు. నోటితో అన్నావు, నేను విన్నాను. దాఖలైనట్టే.”

“రేపు పొద్దున వెళ్ళి చెప్పిరానా మరి?”

“నువ్వెందుకు వెళ్ళడం? విచారణలో ఉన్న విషయం మీద జడ్జిని ఇంటికెళ్ళి కలుస్తారా ఎవరైనా? అసలుకే ఎసరు వస్తుంది. రికార్డు పంపడం నా పని.”

అత్తయ్య అంటే బావ తల్లి. పెద్దకొడుకు ఇంట్లో ఉండేది, అక్కడికి రెండే రెండు బస్టాపులు. మోకాళ్ళ నొప్పులతో ఆమె గుమ్మం దాటదు. ప్రతి ఆదివారం బావా అక్కా వెళ్ళి చూసొచ్చేవాళ్ళు. ఆమె చెడ్డ అత్తగారేమీ కాదు. కాకపోతే అక్కకూ ఒక జంకు ఉంది. అత్త పేరు మీదున్న ఇంటి గోడ పగలగొడతానని కోడలు నోరు తెరిచి అడిగితే, ఇంటి మీదే కన్నేసిందనుకోరూ? కోర్టు మనిషి, తానే పంపిస్తానంటున్నాడు, అంతకంటే ఏం కావాలి అనుకుంది. నేనూ అదే అనుకున్నాను.

మూడు నెలలు గడిచాయి. అక్క మళ్ళీ కదిపింది. “నా చేతులు కట్టేసి ఉన్నాయి. అమ్మ ముందుంది” అన్నాడు బావ.

ఒక ఆదివారం అత్తగారింటి మెట్ల మీద బావ అన్నగారిని, పెద్దబావగారిని పట్టుకుంది. ఆయన బస్సు డిపోలో పెద్ద ఉద్యోగి, సౌమ్యుడు. “తమ్ముడు చెప్పాడమ్మా, అమ్మ దగ్గర ఉందట కదా. అమ్మ చూస్తుండగా మధ్యలో నేను దూరితే బాగుండదు. అమ్మతో దాని మాట ఎత్తినా, ఒత్తిడి చేసినట్టుంటుంది” అన్నాడు. తమ్ముడు ఎక్కించింది ఎంత బాగా ఎక్కిందో చూడండి.

తర్వాత ఎవరికీ చెప్పకుండా ఒక మేస్త్రీని పిలిపించింది. అతను టేపు పెట్టి కొలిచి, వెనక గోడ మీద సుద్దముక్కతో మూడడుగుల చదరం గీశాడు. ఇంతలో బావ భోజనానికి వచ్చాడు. మేస్త్రీకి మంచినీళ్ళిచ్చి, కూర్చోబెట్టి, పాత గోడ కథ మొత్తం చెప్పి, రెండు ఉత్తర్వుల మధ్య చిక్కుకుంటే మేస్త్రీలకు ఏమవుతుందో వివరించి పంపించాడు. ఆ మేస్త్రీ మళ్ళీ ఆ వీధిలోకే రాలేదు. సుద్ద చదరం మాత్రం మిగిలింది. అక్క దానికి ఎదురుగా మిషను వేసుకుని కూర్చునేది.

మునిసిపల్ ఆఫీసుకు దరఖాస్తు కూడా పంపింది. “ఇంటి యజమాని సమ్మతి జతచేయవలెను” అని తిరిగొచ్చింది. యజమాని సమ్మతి విచారణలో ఉంది.

నన్నూ అడిగింది. దాచుకోవడం దేనికి, నేనూ ఆ వరసలో ఒకణ్ణే. “మీ బావతో నువ్వైనా చెప్పరా” అంది. చెప్పాను. బావ నాకు టీ పోయించాడు. “నువ్వు రోజూ తీర్పుల నకళ్ళు తీసేవాడివి, నీకు వేరే చెప్పాలా? ఒక విషయం, ఒక చోటు. అంతే” అన్నాడు. టీ తాగి, బావకు చెప్పానన్న తృప్తితో ఇంటికి వచ్చేశాను. అక్కతో, “కాస్త ఓపిక పట్టు, పెద్దావిడ దగ్గరుందిగా” అన్నాను. ఎంత తేలిగ్గా అన్నానో!

ఇలా అక్క తొక్కని గడప లేదు. ఎక్కడికెళ్ళినా ఒకటే మాట, అదీ ఎంతో మర్యాదగా. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం అంటారు గానీ, ఇక్కడ చెలగాటమాడే పిల్లి కూడా లేదు. అందరమూ మంచివాళ్ళమే, అందరమూ పద్ధతి తెలిసినవాళ్ళమే.

నాలుగేళ్ళు.

అక్క పని గుమ్మంలోకి మార్చింది. మెట్టు మీద కూర్చుని ఒడిలో గౌను వేసుకుని కుట్టేది. వానొస్తే లోపలికి, ఎండొస్తే లోపలికి, ఎవరైనా పలకరిస్తే సగం కుట్టు వదిలి. అయినా దారం తప్పుతూనే ఉంది. తలనొప్పి అనేది. ఒకసారి తలుపుకు కొట్టుకుంది, ఇంకోసారి కాఫీ గ్లాసు బల్ల మీద పెట్టబోయి బల్ల పక్కన పెట్టింది. “పాడు చీకటి గది, కళ్ళు తినేస్తోంది” అనేది. మేమూ “అవును, పాడు గది” అనేవాళ్ళం. “కిటికీ వస్తే అంతా సర్దుకుంటుందిలే” అని ఆమె, “సర్దుకుంటుంది” అని మేము.

చివరికి ఒక గౌను పరువు తీసింది. ఒక లాయరమ్మ కొత్త గౌను వేసుకుని వాదించడానికి లేచి చెయ్యెత్తితే, ఎడమ చెయ్యి తిరగేసి కుట్టి ఉంది. లోపలి పోగులన్నీ బయటికి వేలాడుతున్నాయి. జడ్జిగారు కళ్ళజోడు సవరించుకుని, “మీ వాదనలాగే మీ గౌను కూడా తిరగబడినట్టుంది” అన్నారు. హాలంతా నవ్వులు. ఆ లాయరమ్మ ఏడుస్తూ వచ్చి గౌను అక్క ముందు పడేసింది. వారం తిరక్కుండా లాయర్ల సంఘం కార్యదర్శి కబురు పంపాడు: ఈ ఏడాది కొత్త లాయర్ల గౌన్లు వేరేవాళ్ళకిస్తున్నాం, ఏమీ అనుకోకండి. ఇన్నేళ్ళ పని అలా ఒక్క కబురుతో పోయింది.

ఆ మర్నాడు అక్క కోర్టుకు వచ్చింది. మొదటి కౌంటర్లో స్టాంపు కొంది. తెల్ల కాగితం మీద అతికించింది. మూడో కౌంటరు ముందు వరసలో నిలబడింది. ఆమె ముందు ఏడుగురున్నారు. నేను ఏదో నకలుకు ముద్ర వేయించుకోవడానికి అటు వచ్చి చూశాను గనక ఇది కళ్ళారా చూసి చెబుతున్నాను. ఆమె వంతు వచ్చింది. కాగితం సందులోంచి లోపలికి తోసింది. బావ తలెత్తలేదు.

“దీని మీద అప్పీలేమైనా నడుస్తోందా?”

“నాలుగేళ్ళుగా నడుస్తోందండి.”

ఆయన చెయ్యి తనంతట తానే ఎర్ర పెన్ను మూత తీసింది. “ఇదే విషయంపై పై కోర్టులో” దాకా రాశాడు. అప్పుడు కాగితం మీద దస్తూరీ చూశాడు. అందులో ఒకటే వాక్యం ఉంది: “మా అత్తగారి ముందున్న నా అప్పీలు ఏ దశలో ఉందో తెలియజేయగలరు.”

బావ తలెత్తాడు.

“ఇదేంటే! ఇంటికెళ్ళి మాట్లాడుకుందాం పద.”

“ఇంట్లో మీరు మాట్లాడరుగా. ఇక్కడే చెప్పండి. ఏ దశలో ఉంది?”

“విచారణలో ఉంది.”

“ఆఖరుసారి ఎప్పుడు విచారించారు? అత్తయ్య ఏమన్నారు?”

బావ ఎర్ర పెన్నుకు మూత పెట్టాడు. అక్క వెనకున్న ముసలి కక్షిదారు మెడ ముందుకు చాచి, “అమ్మా, నాదీ అదే ప్రశ్న, నాకూ చెప్పమనండి” అన్నాడు. వరసంతా గొల్లుమంది. నాకూ నవ్వొచ్చింది గానీ, బావ ముఖం చూశాక ఆగిపోయింది.

అక్క వెనక్కి తిరిగి నన్ను చూసింది. “ఒరేయ్ తమ్ముడూ, పద. అత్తయ్య దగ్గరికి.”

“జడ్జిని ఇంటికెళ్ళి…” అని లోపలినుంచి బావ గొంతు వినపడింది.

“నోర్ముయ్యండి!” అంది అక్క. పెళ్ళయ్యాక ఆయన్ను ఆ మాటనడం అదే మొదటిసారి.

అత్తయ్య మంచం మీద కూర్చుని మోకాళ్ళకు నూనె రాసుకుంటోంది. మమ్మల్ని చూసి కంగారుపడింది. ఆదివారం కాని రోజు కోడలు వచ్చిందంటే ఎవరికో ఏదో అయ్యుంటుందనుకుంది.

“ఎవరికేమీ కాలేదత్తయ్యా” అంది అక్క నిలబడే. “నాకు మీ జవాబు కావాలి. ఔనంటే ఔననండి, కాదంటే కాదనండి. నాలుగేళ్ళుగా నానబెట్టారు.”

“ఏం నానబెట్టాను?”

“కిటికీ.”

“ఏ కిటికీ?”

అక్క నావైపు చూసింది. నేను గోడవైపు చూశాను. అత్తయ్య మా ఇద్దరి వైపూ చూసింది. ఆమె నిజంగా దేని గురించో తెలియక అడుగుతోందని అర్థం కావడానికి నాకు కొంచెం సమయం పట్టింది.

అక్క మొదటినుంచి చెప్పింది. నల్ల దారం, నల్ల గుడ్డ, వెనక గోడ, అన్నీ. వింటున్నకొద్దీ పెద్దావిడ చేతిలో నూనె గిన్నె వంగి చీర మీద కారింది.

“నాలుగేళ్ళా? మరి నువ్వు ప్రతి ఆదివారం ఇక్కడికొచ్చి మూగదానిలా కూర్చునేదానివి కదే. ‘బాగున్నారా అత్తయ్యా’, ‘వెళ్ళొస్తాం అత్తయ్యా’, అంతేగా? నామీద ఏదో మనసులో పెట్టుకుందనుకున్నాను. నేనేం చేశానా అని ఎంత ఏడ్చానో తెలుసా?”

“విచారణలో ఉండగా మీతో మాట్లాడకూడదన్నారు” అంది అక్క. మాట అన్నాక అది ఎలా వినపడుతోందో ఆమెకే తెలిసినట్టుంది. మంచం అంచున కూలబడింది.

తర్వాతి బస్సుకు బావ దిగాడు. కౌంటరు మూసేసి వచ్చాడు. ఆయన ఉద్యోగంలో అదీ మొదటిసారే. గుమ్మంలోనే తల్లి అందుకుంది.

“ఒరేయ్, కిటికీ సంగతి నాకు ఎందుకు చెప్పలేదు?”

“నువ్వు అడగలేదు కదమ్మా.”

“నాకు తెలిస్తేగా అడగడానికి!”

“అది కాదమ్మా.” బావ చెమట తుడుచుకున్నాడు. “పద్ధతి ఏంటంటే, పై కోర్టు రికార్డు తెప్పించుకుంటేనే కింది కోర్టు పంపాలి. వాళ్ళు అడక్కుండా మనం పంపకూడదు. నువ్వు అడుగుతావేమోనని ప్రతి ఆదివారం చూశాను. నువ్వు అడగలేదు. సరే, వీలు చూసుకుని అడుగుతుందిలే అని…”

ముప్పై ఏళ్ళ సర్వీసు. ఎర్ర సిరాతో కొన్ని వేల కాగితాలు ఆపిన చెయ్యి. ఆ మనిషి గుమ్మంలో నిలబడి, తల్లికి తెలియని విషయాన్ని తల్లి ఎందుకు పిలిపించలేదో వివరిస్తున్నాడు. కొట్టాలనిపించింది. నిజంగానే పిడికిలి బిగుసుకుంది. తర్వాత గుర్తొచ్చింది, ఈ గదికి నేనూ నాలుగేళ్ళలో ఎన్నో సార్లు వచ్చాను, ఇదే మంచం పక్కన కూర్చుని పళ్ళు తిని పోయాను. ఒక్కసారి, “అత్తయ్యగారూ, ఆ కిటికీ సంగతేం చేశారు?” అని అడిగి ఉంటే సరిపోయేది.

“అడగందే అమ్మైనా పెట్టదంటారు” అంది పెద్దావిడ. “అమ్మను నేను చెబుతున్నాను, నన్ను ఎవ్వరూ అడగలేదు. రేపు పొద్దున్నే గోడ కొట్టించు.”

“ఒక కాగితం మీద రాసిస్తే…” అన్నాడు బావ అలవాటుగా.

“నీ మొహం మీద రాస్తాను, పో!”

రెండు రోజుల్లో కిటికీ వచ్చింది. సుద్ద చదరానికి అంగుళం ఎక్కువే కొట్టించాడు బావ, తానే దగ్గరుండి, సెలవు పెట్టి. సిమెంటు పొడి ఊడ్చాక, ఒక మంచి ఉదయం పూట, అక్క మిషను కిటికీ కిందికి జరుపుకుని ఒక పాత గౌను ఒడిలో వేసుకుంది. గది నిండా ఎండ. మూలనున్న సాలెగూడు కూడా కనపడుతోంది. బావ వాకిట్లో మేస్త్రీతో నవ్వుతూ మాట్లాడుతున్నాడు.

అక్క కుచ్చిళ్ళు పట్టుకుని చూసింది. గుడ్డను తిప్పింది. కుర్చీ తిప్పింది. మళ్ళీ గుడ్డను తిప్పింది. నన్ను పిలిచింది, గొంతు పెంచకుండా.

“ఒరేయ్, నీకు దారం కనపడుతోందా?”

“మెరుస్తోందక్కా.”

ఆమె అరచెయ్యి కుడి కంటి మీద పెట్టుకుంది. అలాగే ఉండి, “నాకు ఎడమ పక్కంతా ఇంకా చీకటిగానే ఉందిరా” అంది.

కంటి డాక్టరమ్మ రకరకాల అద్దాలు పెట్టి చూసింది. చీకటి గదికీ దీనికీ సంబంధం లేదంది. కంటి లోపల ఒత్తిడి పెరిగి నరం దెబ్బతిన్నదట. నొప్పి తెలియకుండా, ఒక పక్కనుంచి మెల్లగా తినేస్తుందట. మొదట్లోనే వచ్చి ఉంటే చుక్కల మందుతో ఆగేదట. పోయిన చూపు తిరిగి రాదు, ఉన్న కన్ను కాపాడుకోవాలి.

“తలుపులకి తగలడం, వస్తువులు జారడం, ఇవన్నీ మూడేళ్ళ నుంచి ఉన్నాయంటున్నారు. ఇన్నాళ్ళు ఎందుకు రాలేదమ్మా?”

“కిటికీ వస్తే సరిపోతుందనుకున్నానండి” అంది అక్క.

డాక్టరమ్మకు అర్థం కాలేదు.

ఆ తర్వాత పది రోజుల్లో మా బావ చేసిన పని కోర్టులో ఎవరికి చెప్పినా నమ్మరు. ఒక డాక్టరు కాదని ఇంకో డాక్టరు, ఆయన కాదని ఇంకొకరు, ఊళ్ళో ఆరుగురికి చూపించాడు. ప్రతిచోటా డాక్టరు అడిగేవాడు, “ముందు ఎవరికైనా చూపించారా?” అని. బావ చంకలో ముందు చూసినవాళ్ళ కాగితాలు పెట్టుకుని, “లేదండి, మీ దగ్గరికే రావడం” అనేవాడు. చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమని నాకు తెలుసు, ఆయనకూ తెలుసు. అయినా నేనూ వెంట తిరిగాను. ఆరుగురూ ఒకే మాట చెప్పారు, ఒక్క అక్షరం తేడా లేకుండా.

ఆరో డాక్టరు దగ్గరనుంచి బయటికి వచ్చాం. మధ్యాహ్నం, రోడ్డు నిండా బళ్ళు. బస్టాపు దాకా నడవాలి. బావ ఏడో పేరేదో చీటీ మీద వెతుకుతున్నాడు. అక్క ఆ చీటీ తీసుకుని మడిచి తన సంచిలో వేసుకుంది.

“ఇక చాలండి. ఇంటికెళ్దాం.”

బావ అక్కడే నిలబడిపోయాడు. కళ్ళజోడు తీశాడు. నడిరోడ్డు మీద, వచ్చేపోయేవాళ్ళు చూస్తుండగా, చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. “నేనే చేశానే. నా చేతులతో నేనే చేశాను” అన్నాడు.

అలా అనకండి, మీ తప్పేముంది, నా రాత అలా ఉంది అని ఏ భార్యైనా అంటుందని ఎదురుచూశాను. సిగ్గు లేకుండా చెబుతున్నాను, ఆ మాట నాకోసం కూడా ఎదురుచూశాను.

“అవునండీ, మీరే చేశారు” అంది అక్క. కోపంగా అనలేదు, ఏడుస్తూనూ అనలేదు. “కళ్ళు తుడుచుకుని ఇటు ఎడమ పక్కకి వచ్చి నడవండి. అటునుంచి వచ్చే బళ్ళు నాకు కనపడవు.”

బావ కళ్ళజోడు పెట్టుకున్నాడు. వెనకనుంచి తిరిగి వచ్చి, ఆమె ఎడమ చెయ్యి పట్టుకున్నాడు.